అయిదు రోజుల సెలవు

"ముందు ఆ ఫ్లెక్సీ దించుతారా, దించరా?"

గదిలోంచి సెల్డా అరిచిన అరుపుకి వాకిట్లో కోళ్ళు చెదిరి తలో దిక్కూ పోయాయి.

ఒక్కరూ కదల్లేదు. గేటుకి అడ్డంగా కట్టిన ఫ్లెక్సీ మీద నిలువెత్తు సెల్డా పళ్ళన్నీ బయటపెట్టి నవ్వుతోంది. పక్కన విమానం బొమ్మ. కింద ఎర్రక్షరాల్లో 'వెళ్ళి రా సెల్డా, దేవుడు నీకు తోడు' అని. మొన్న సాయంత్రం దాని కిందే కాల్చిన పందిని పెట్టుకుని మా వీధి వీధంతా భోంచేసింది. నిన్న అందరం జీప్నీ బండిలో కిక్కిరిసి కూచుని మా ఊరు బాలయాన్ నుంచి మనీలా ఎయిర్‌పోర్టు దాకా వెళ్ళి, గుమ్మం దగ్గర ఆ పిల్లని పట్టుకుని ఏడ్చి, ముక్కులు చీదుకుని వచ్చాం. ఇవాళ తెల్లారేసరికి ఆ పిల్ల సూట్‌కేసు ఈడ్చుకుంటూ బస్సు దిగి, అదే ఫ్లెక్సీ కిందనుంచి తల వంచుకుని ఇంట్లోకొచ్చింది.

విమానం ఎక్కనివ్వలేదు. హాంకాంగ్ వాళ్ళు కాదు, మనీలా ఎయిర్‌పోర్టులో మన ఆఫీసర్లే. చూడ్డానికని చెప్పి పనికి పోతున్నారని అనుమానమొస్తే ఆపేస్తారు.

"వదినా, నువ్వయినా చెప్పు దానికి. తలుపు తియ్యమను," అంది ఒఫీలియా నాతో.

నేను పక్కింటి ఇసింగ్‌ని. నూడుల్స్ కొట్టు మూసుకుని మరీ వచ్చాను, ఈ ఇంట్లో అరుపులు నా కొట్టు దాకా వినపడి బేరాలు చెడుతుంటే ఇంకేం చేస్తాను?

"నేనెందుకు చెప్పాలి? పెంచినదానివి నువ్వు. నువ్వే చెప్పు," అన్నాను.

పెంచింది ఒఫీలియానే, కాదనను. సెల్డా కన్నతల్లి, ఒఫీలియాకి అక్క, తెర్సీతా హాంకాంగ్‌లో ఒకళ్ళింట్లో పనికి కుదిరి పద్దెనిమిదేళ్ళు. బిడ్డకి పాలపళ్ళు ఊడే వయసులో వెళ్ళింది. రెండేళ్ళకోసారి వస్తుంది, పెట్టె విప్పి సబ్బులూ చాక్లెట్లూ పంచుతుంది, పంచడం అయ్యేసరికి సెలవూ అయిపోతుంది. ఆ తెర్సీతాకి ఇప్పుడు రొమ్ములో గడ్డ. శుక్రవారం ఆపరేషన్. ఇవాళ బుధవారం.

అమ్మ మంచం పక్కన అయిదు రోజులు కూచుని రావాలని బయల్దేరింది సెల్డా. అంతకుమించి దానికేం లేదు. తను పని చేసే మందుల షాపాయన దగ్గర అయిదు రోజులు సెలవడిగి, ఆ సెలవు కాగితం మీద సంతకం పెట్టించుకుని, తిరుగు టికెట్టు కూడా కొనుక్కుని మరీ వెళ్ళింది.

"అసలేం చెప్పావే అక్కడ?" ఒఫీలియా తలుపు దగ్గరికి వెళ్ళి గొంతు పెంచింది. "నాలుగు ముక్కలు సరిగ్గా మాట్లాడ్డం చేతకాలేదా? ఎదురింటి పొన్సింగ్ కూతురు, ఏబీసీలు రానిది, అది వెళ్ళలేదూ? దానికంటే తక్కువదానివా నువ్వు?"

"ఒఫీలియా, ఊరుకో," అన్నాడు రోడెల్. ఒఫీలియా మొగుడు. మోటారు రిక్షా తోలతాడు. ఇంట్లో ఆయన మాట్లాడేది ఈ రెండు ముక్కలే.

"ఎందుకూరుకోవాలి? వీధిలో తలెత్తుకునేది ఎలాగ? పంది ఖర్చు ఎవరు..."

గడియ తీసిన చప్పుడైంది.

సెల్డా బయటికొచ్చింది. నిన్న కట్టుకున్న బట్టలే. కళ్ళు వాచి ఉన్నాయి గానీ ఏడవడం లేదు. చేతిలో ఒక ప్లాస్టిక్ కవరు. దాన్ని తెచ్చి, మొన్న మిగిలిన పంది మాంసంతో చేసిన పుల్లకూర గిన్నె పక్కన, టేబుల్ మీద పెట్టింది.

"ఇదేమిటి పిన్నీ?"

ఒఫీలియా మొహం మాడిపోయింది.

"ఏమిటేమిటి?"

"నువ్వు చెప్పు. నా హ్యాండ్‌బ్యాగు అడుగున, అట్టముక్క కింద పెట్టింది నువ్వేగా?"

నేను కవరు తెరిచాను. ఎవరూ వద్దనలేదు. లోపల సెల్డా ఫొటోలు అరడజను. ఎత్తు, బరువు, 'వంట వచ్చు, ముసలివాళ్ళని చూసుకోవడం వచ్చు' అని టైపు కొట్టిన బయోడేటా. షాపు ఉద్యోగానికని పోలీసుల దగ్గర తీసుకున్న మంచి నడవడిక కాగితం. మున్సిపాలిటీ వాళ్ళు ఊరికే నేర్పితే పోయినేడాది నేర్చుకున్న ఇంటిపని ట్రైనింగ్ సర్టిఫికెట్టు.

పెళ్ళికి వెళుతూ పిల్లిని చంకన పెట్టుకెళ్ళినట్టు! అయిదు రోజులు చూసొస్తానని పోయేదాని సంచిలో ఇవేం కాగితాలమ్మా?

"ఆ కౌంటర్ దగ్గర ఆఫీసరమ్మ నన్ను మంచిగానే అడిగింది," అంది సెల్డా. ఎవరివంకా చూడకుండా చెబుతోంది. "ఎక్కడికమ్మా అంది. హాంకాంగ్ అన్నాను. ఎందుకు అంది. అమ్మని చూడ్డానికి అన్నాను. అమ్మేం చేస్తుంది అంది. చెప్పాను. అంతే, మొహం మారిపోయింది. పక్కగదిలోకి తీసుకెళ్ళారు. అక్కడ నాలాంటివాళ్ళు బోలెడుమంది కూచుని ఉన్నారు. బ్యాగు చూపించమన్నారు. చూపించాను. నాకేం భయం? నేనేం దొంగతనం చేశానా? ధైర్యంగా తెరిచిచ్చాను పిన్నీ. నవ్వుతూ ఇచ్చాను."

సెల్డా నా చేతిలో కాగితాలు తీసుకుని టేబుల్ మీద పరిచింది.

"ఒక పక్క నా సెలవు కాగితం, తిరుగు టికెట్టు. ఇంకో పక్క ఇవి. రెండూ టేబుల్ మీద పక్కపక్కన పెట్టి, ఏది నమ్మమంటావమ్మా అంది. ఇవి నావి కావు, ఎలా వచ్చాయో తెలీదు అన్నాను. గదిలో వాళ్ళందరూ తలెత్తి చూశారు. ఫొటో నాది, సంతకం నాది, కాగితం నాది కాదట!" సెల్డా నవ్వింది. ఆ నవ్వు నాకు నచ్చలేదు. "అప్పుడు నా ఫోను అడిగింది. ఫేసుబుక్కులో చూస్తే మన ఫ్లెక్సీ. పంది. జీప్నీ ఎక్కి ఏడుస్తూ మీరందరూ. అయిదు రోజులకి వెళ్ళేదానికి ఊరు ఊరంతా ఇలా ఏడుస్తుందా అని అడిగింది. ఏం చెప్పను?"

నిజమే, ఏం చెబుతుంది? నేనూ ఏడ్చాను. అయిదు రోజుల్లో వచ్చేస్తుందని నాకూ తెలుసు. కానీ మా ఊళ్ళో సముద్రం దాటేవాళ్ళని ఏడవకుండా పంపడం ఎవరికొచ్చు? చూసొద్దామని వెళ్ళినవాళ్ళని మేం ఎన్నడు చూశాం గనక!

"హాంకాంగ్‌కి మనకి వీసా కూడా అక్కర్లేదు," అంది సెల్డా. "రెండు వారాలు ఊరికే ఉండి రావచ్చు. అక్కడి తలుపు తీసే ఉంది. మన తలుపే మన మొహాన వేశారు. దానికి తాళం మా పిన్ని ఇచ్చింది."

"నీ మంచికేనే!" ఒఫీలియా కుర్చీలోంచి ఒక్క ఉదుటున లేచింది. "ఏం, పాపం చేశానా? అక్కడిదాకా వెళ్ళి వట్టి చేతులూపుకుంటూ రావడమెందుకు? ఎవరైనా అడిగితే చూపించడానికి ఉంటాయని పెట్టాను. మందుల షాపులో నిలబడి దగ్గు మాత్రలు అమ్ముకుంటే ఏమొస్తుందే నీకు?"

"నాకు చెప్పి పెట్టొచ్చుగా?"

"చెబితే తీసుకెళ్ళేదానివా?"

"లేదు."

"మరి?"

ఆ 'మరి'కి రోడెల్ తల పట్టుకున్నాడు.

"పద్దెనిమిదేళ్ళు పెంచాను," అంది ఒఫీలియా. "జ్వరమొస్తే రాత్రుళ్ళు ఎత్తుకు తిరిగింది ఎవరు? మీ అమ్మా?"

"నువ్వే. ప్రతి నెలా అమ్మ పంపిన డబ్బుతో."

ఒఫీలియా చెయ్యెత్తింది. నేను అడ్డం వెళ్ళాను. ఎత్తిన చెయ్యి ఏం చెయ్యాలో తెలీక, గిన్నె మీద మూత సర్దింది.

బయట ఎవరో ఆగి, ఫ్లెక్సీ చూసి, "ఏవమ్మా, హాంకాంగ్ అప్పుడే అయిపోయిందా?" అని నవ్వుకుంటూ పోయారు. వాళ్ళ నోట్లో దుమ్ము పడ!

అప్పుడు మోగింది సెల్డా ఫోను. తెర్సీతా. వీడియో.

సెల్డా ఫోనుని పంచదార డబ్బాకి ఆనించి పెట్టింది. తెర మీద తెర్సీతా మొహం నిండుగా వచ్చింది. ఎంత చిక్కిపోయింది మరియమ్మ తల్లీ! వెనక తళతళలాడే వంటగది. చేతిలో అంట్లగుడ్డ.

"మేడమ్ పక్కగదిలో ఉంది. మన భాష రాదులే, అయినా గట్టిగా మాట్లాడకండి," అంది. "బస్సులో ఏమైనా తిన్నావా తల్లీ?"

ఆ ఒక్క మాటకి సెల్డా బిగబట్టుకున్నదంతా కదిలిపోయింది. కింది పెదవి పళ్ళతో నొక్కిపట్టుకుంది.

"క్షమించమ్మా. రాలేకపోయాను. పిన్ని నాకు చెప్పకుండా నా బ్యాగులో..."

"తెలుసు."

"ఏం తెలుసు?"

తెర్సీతా గుడ్డతో చేతులు తుడుచుకుంది. తుడిచిన చేతులే మళ్ళీ తుడుచుకుంది.

"పిన్నిని ఏమీ అనకు. పెట్టమన్నది నేనే."

ఒఫీలియా మొహం తిప్పేసుకుంది. అన్ని తిట్లు తిన్నా అక్క పేరు బయటపెట్టలేదు, మొండిది. నాకు ఆ నిమిషం దాని మీద జాలేసింది.

"నువ్వా?" అంది సెల్డా.

"ఇక్కడ మేడమ్ మామగారు మంచంలో ఉన్నారు. రోజూ ఆయన్ని ఎత్తాలి, కడగాలి, తినిపించాలి. నా బదులు మనిషిని పెట్టందే ఆవిడ నాకు సెలవివ్వదు. అయిదు రోజులు నువ్వు వచ్చి ఆ పని చేస్తావని చెప్పి సెలవడిగాను. ఎవరో తెలీని మనిషిని ఇంట్లో పెట్టుకోనంది. కాగితాలు చూపిస్తే నమ్ముతుందని..."

"ఆగమ్మా." సెల్డా చెయ్యి అడ్డం పెట్టింది. "నువ్వు ఆస్పత్రిలో ఉంటే నేను ఎక్కడుండాలి?"

"ఇక్కడే. ఈ ఇంట్లో."

"నీ దగ్గర?"

"నా దగ్గర నర్సులు ఉంటారు కదమ్మా."

అక్కడి వంటగదిలో కుళాయి కారుతున్న చప్పుడు ఇక్కడికి వినిపిస్తోంది.

"తర్వాత ఎలాగూ నేను బరువులెత్తకూడదన్నారు," తెర్సీతా గబగబా చెప్పుకుపోతోంది. "ఈలోగా ఆవిడకి నీ పని నచ్చితే, నా బదులు నిన్నే అడుగుతుంది. అసలు కాగితాలు, ఏజెన్సీ, వీసా, అన్నీ అప్పుడు పద్ధతి ప్రకారమే చేయించుకోవచ్చు. పిన్ని కూతురిది ఇంకో రెండేళ్ళ చదువుంది. ఇంటిమీద కప్పు సగంలో ఆగిపోయింది. నా చెయ్యి ఆగిపోతే ఎవరిదో ఒకరిది ఆడాలిగా తల్లీ?"

"నాకు చెప్పలేదేం?"

"చెబితే కౌంటర్ దగ్గర అబద్ధం ఆడలేవు నువ్వు. నీ మొహంలో తెలిసిపోతుంది. అందుకే చెప్పొద్దన్నాను. నిజమే అనుకుంటే నిజంగానే చెబుతావని."

సెల్డా తల ఊపింది. మెల్లిగా, చాలాసార్లు ఊపింది.

"నేను ఆ ఆఫీసరమ్మని రాత్రంతా తిట్టుకున్నానమ్మా. బెంచీ మీద కూచుని, బస్సులో కూచుని, కడుపు మండి తిట్టుకున్నాను. నా నోటితో నేను నిజం చెబుతుంటే నమ్మదేం ఈ మనిషి అని. ఇప్పుడు ఆవిడకి దణ్ణం పెట్టాలి. మనింట్లో ఏం జరుగుతోందో నాకంటే ముందు ఆవిడకే తెలిసింది."

"సెల్డా, అలా అనకు."

"మరెలా అనాలి? అమ్మ నన్ను రమ్మంది, పక్కన కూచోమంది అని షాపులో అందరికీ చెప్పుకున్నాను. నా చిన్నప్పట్నుంచీ నువ్వు నన్ను రమ్మనడం అదే మొదటిసారి."

తెర్సీతా కళ్ళల్లోంచి నీళ్ళు కారాయి. తుడుచుకోలేదు. వంటగది తలుపు వంక ఒకసారి చూసుకుంది.

"ఇంటికొచ్చెయ్యమ్మా," అంది సెల్డా. "ఇక్కడే చేయించుకుందాం. బతాంగాస్ ఆస్పత్రికి తీసుకెళ్తాను. నేను కూచుంటాను పక్కన."

"ఇక్కడైతే శుక్రవారం చేస్తారు. అక్కడ వరసలో నిలబెడతారు, నా వంతు ఎప్పుడొస్తుందో దేవుడికే తెలియాలి. ఇక్కడి గుర్తింపు కార్డు ఉంది గనక నాకు తక్కువలో అవుతోంది. పిచ్చిదానివా?"

"ఆపరేషనని మేడమ్‌కే చెప్పి సెలవడగచ్చుగా?"

"అమ్మో!" తెర్సీతా గొంతు ఇంకా తగ్గించింది. "మకావులో చుట్టాల పెళ్ళని చెప్పాను. జబ్బు మనిషిని ఎవరు ఉంచుకుంటారే? తీసెయ్యకూడదని చట్టం ఉందంటారు. తీసేశాక ఆ చట్టాన్ని పట్టుకుని ఎక్కడ తిరగను? కాంట్రాక్టు తెగితే రెండు వారాల్లో ఈ ఊరు వదిలిపోవాలి. వీసా పోతుంది, కార్డు పోతుంది. కార్డు లేకపోతే ఆస్పత్రిలో నన్ను ముట్టుకునేవాడుండడు."

నేను సెల్డా మొహమే చూస్తున్నాను. ఏదో లెక్క చూసుకుంటున్న మొహం.

"అంటే ఆవిడకి తెలిస్తే నువ్వు ఇంటికి రావాల్సొస్తుంది," అంది చివరికి.

"ఏం మాటలే అవి? అశుభం. ఇప్పుడు జరగాల్సింది చూడు. ఒఫీలియా, రేపు క్లార్క్ ఎయిర్‌పోర్టు నుంచి ఇంకో విమానం ఉందట. టికెట్టు చూడు. ఈసారి బ్యాగులో ఏమీ పెట్టకు. ఎవరూ వెంట వెళ్ళకండి, ఏడవకండి. అది ఒక్కత్తే వెళ్ళాలి, నవ్వుతూ వెళ్ళాలి, చూడ్డానికి పోయేవాళ్ళలాగ."

"చూస్తానక్కా," అంది ఒఫీలియా, అప్పుడే ఫోను తీసి.

"నేను వెళ్తానని ఎవరన్నారు?" అంది సెల్డా.

"వెళ్ళకపోతే?" ఒఫీలియా దాని మీదికి వంగింది. "నువ్వెళ్ళకపోతే సెలవు లేదు. సెలవు లేకపోతే ఆపరేషన్ లేదు. గడ్డ పెట్టుకుని ముసలాణ్ణి ఎత్తుతూ చస్తుంది మా అక్క. నీకు కావాల్సింది అదేనా? చెప్పవే!"

ఎవరి పక్షాన మాట్లాడినా రెండోవాళ్ళ ప్రాణం మీదికి వచ్చేటట్టుంది. ముందు నుయ్యి, వెనక గొయ్యి.

"తల్లీ," అంది తెర్సీతా. "నాకోసం కాదు, నా..."

వంటగది తలుపు తెరుచుకుంది.

తెర్సీతా మొహం ఒక్కసారిగా మారిపోయింది. కన్నీళ్ళు మాయం. పెదవుల మీద నవ్వు. పద్దెనిమిదేళ్ళుగా నేర్చుకున్న నవ్వు అది, ఎంత చప్పున వచ్చిందో!

పొట్టి జుట్టున్న ఒకావిడ తెరలోకి వచ్చింది. మేడమ్. ఆవిడ ఇంగ్లీషు ముక్కలు ముక్కలు, మాదీ అంతే కాబట్టి బాగానే అర్థమైంది.

"నీ కూతురా? నిన్న రావాలి కదా?"

"విమానం తప్పింది మేడమ్. రేపు వచ్చేస్తుంది," అంది తెర్సీతా.

మేడమ్ ఫోను తన చేతిలోకి తీసుకుంది. కళ్ళజోడు సర్దుకుని దగ్గరగా చూసింది. మాంసం కొట్లో పులుసు ముక్క ఎంచుకునేవాళ్ళు చూసినట్టు చూసింది.

"సన్నగా ఉంది. మా మామగారు బరువు. నిలబడు, చూస్తాను."

సెల్డా కూచునే ఉంది.

ఒఫీలియా దాని భుజం మీద చెయ్యేసి నొక్కింది. "లేవవే. లే."

మేడమ్ భుజం వెనక తెర్సీతా కళ్ళు కనిపిస్తున్నాయి. పెదవులు నవ్వుతున్నాయి, కళ్ళు బతిమాలుతున్నాయి. ఆ కళ్ళు నేను చచ్చేదాకా మర్చిపోను.

సెల్డా లేచి నిలబడింది.

"అటు తిరుగు."

తిరిగింది.

రోడెల్ ఇక చూడలేక వాకిట్లోకి పోయాడు. ఆ మనిషికి నోరు లేకపోయినా సిగ్గుంది.

"చేతులు బావున్నాయి," అంది మేడమ్. ఆవిడ చెడ్డది కాదేమో, ఏమో. కూరగాయల సంచీ అందుకునేదానిలా మామూలుగానే మాట్లాడుతోంది. "సరే. మీ అమ్మ పెళ్ళికి వెళ్ళి వచ్చేదాకా నువ్వు చూసుకో. బాగా చేస్తే తర్వాత మాట్లాడదాం. మీ అమ్మ చాలా మంచిది. ఎప్పుడూ జబ్బు పడలేదు. అదే నాకు ఇష్టం."

ఒఫీలియా ఊపిరి వదిలింది. అక్కడ తెర్సీతా కూడా.

సెల్డా ఇటు తిరిగింది. టేబుల్ మీదికి వంగి, ఫోనుకి మొహం దగ్గరగా పెట్టింది. మేడమ్ వంక కాదు, ఆవిడ భుజం మీదుగా వెనక్కి చూస్తోంది.

"అమ్మా, నువ్వు ఇంటికి రావాలి," అంది మన భాషలో.

"సెల్డా, వద్దు..."

ఒఫీలియా ఫోను లాక్కోబోయింది. సెల్డా దాని మణికట్టు పట్టుకుని ఆపేసి, ఇంగ్లీషులో, ఒక్కో మాటా విడివిడిగా చెప్పింది.

"పెళ్ళి లేదు మేడమ్. మా అమ్మకి శుక్రవారం ఆపరేషన్."

తెర మీద బొమ్మ ఊగి, వంటగది పైకప్పు కనిపించింది. తెర్సీతా ఏదో అంటోంది, తడబడుతూ, బతిమాలుతూ, మాటలు తెలియడం లేదు. ఇక్కడ ఒఫీలియా నేలమీద కూలబడింది. సెల్డా మాత్రం రెండు చేతులూ టేబుల్ మీద ఆనించి, ఆ తెల్లటి పైకప్పునే చూస్తూ నిలబడింది.

తెర్సీతా గొంతు ఆగిపోయింది. మేడమ్ గొంతు ఒక్కటే వినబడింది.

"ఏం ఆపరేషన్?"